తీసేయడానికి వీల్లేని వేషం

సినిమా చివర్లో పేర్లు పడేటప్పుడు ఫలానా నటుడు ఫలానా పాత్రలో అని వస్తుంది. డాక్యుమెంటరీ దగ్గరికి వచ్చేసరికి ఆ రెండో గడిలో రాయడానికి ఏమీ ఉండదు. మలం ఎత్తే పనిలో ఉన్న మనిషి ఆ మనిషిగానే కనిపిస్తుంది. ఇల్లు కూలిపోయిన ముసలాయన ఆ ముసలాయనగానే మాట్లాడతాడు. సినిమా వివరాలు పెట్టే వెబ్‌సైట్లు ఇలాంటి చోట 'తనుగా' అనే అర్థం వచ్చే ఒక్క మాట పెట్టి ఊరుకుంటాయి. ఆ మాట వెనక ఎంత పని, ఎంత ధైర్యం, ఎంత నష్టం ఉంటుందో మన చర్చల్లోకి దాదాపుగా రాదు. దర్శకుల సాహసం గురించి, వచ్చిన అవార్డుల గురించి మాట్లాడుకుంటాం. కెమెరా ముందు కూర్చుని తన బతుకు విప్పి చెప్పిన మనిషి చేసింది కూడా పనే అని ఒప్పుకోవడానికి మాత్రం మనసు రాదు.

వేషం కట్టిన వాడికి ఒక వెసులుబాటు ఉంది. ఆట అయిపోయాక మొహం కడుక్కుంటాడు. జనం తిడితే ఆ తిట్లు పాత్రకు తగులుతాయి, జాలిపడితే ఆ జాలీ పాత్రకే పోతుంది. తనుగా కనిపించినవాళ్లకు ఆ అవకాశం లేదు. మర్నాడు అదే మొహంతో కూలికి వెళ్లాలి, అదే వీధిలో నీళ్లు పట్టుకోవాలి, పిల్లను అదే బడికి పంపాలి. అట్టడుగున బతికేవాళ్ల విషయంలో ఈ బరువు ఇంకా ఎక్కువ. ఎందుకంటే వాళ్లను పిలిచేదే వాళ్ల బతుకులో ఊరంతా చిన్నచూపు చూసే భాగాన్ని చూపించడానికి. డాక్యుమెంటరీలో తనుగా కనిపించడం ఒక పని అని ఒప్పుకుంటే, దానికి కూలి ఉండాలి, చెప్పుకునే హక్కు ఉండాలి, పని తర్వాత వచ్చే కష్టానికి ఎవరో ఒకరు బాధ్యత పడాలి. ఒప్పుకోకపోతే ఒక సంతకంతో అన్నీ తీరిపోతాయి. గత వందేళ్లలో ఎక్కువగా జరిగింది ఈ రెండోదే.

ఈ చరిత్ర మొదలైందే ఒక మారుపేరుతో. రాబర్ట్ ఫ్లాహర్టీ తీసిన 'నానూక్ ఆఫ్ ద నార్త్' 1922లో విడుదలైంది. కెనడా ఉత్తరాన మంచు ప్రాంతంలో బతికే ఇన్యూట్ ప్రజల గురించిన చిత్రం అది. అందులో నానూక్‌గా కనిపించిన వేటగాడి అసలు పేరు అల్లకారియల్లక్. నానూక్ అంటే వాళ్ల భాషలో ధ్రువపు ఎలుగుబంటి. సినిమాలో భార్యగా కనిపించిన ఆమె అతని భార్య కాదు. ఆ కాలానికే వాళ్ల చేతుల్లోకి తుపాకులు వచ్చినా, చిత్రం కోసం పాత పద్ధతిలో బల్లేలతో వేటాడారు. మంచు ఇంటి లోపల వెలుతురు చాలదని సగం ఇల్లు తెరిచి ఉంచి, అందులోనే పడుకుని లేచినట్టు తీశారు. గ్రామఫోన్ రికార్డును చూసి తెల్లబోయి పళ్లతో కొరికి చూసే దృశ్యం ఉంది. అది కూడా ఆడించినదే. అంటే అతను తన తాతల కాలపు మనిషి వేషం కట్టాడు, లోకం దాన్ని అతని సొంత మొహం అనుకుంది. కెమెరా పాడైతే బాగుచేయడంలో, తీసిన ఫిల్ము కడగడంలో ఆ ఇన్యూట్ మనుషులే సాయం చేశారు. ఆ పనితనం తెర మీద కనిపించదు. అమాయకత్వం మాత్రమే కనిపిస్తుంది.

అట్టడుగు మనిషి సొంత గొంతుతో తెర మీద మాట్లాడటానికి మరో పదమూడేళ్లు పట్టింది. 1935లో బ్రిటన్‌లో 'హౌసింగ్ ప్రాబ్లమ్స్' అనే చిన్న చిత్రం వచ్చింది. తీసినవాళ్లు ఆర్థర్ ఎల్టన్, ఎడ్గార్ ఆన్‌స్టీ. లండన్ తూర్పున స్టెప్నీలోని ఇరుకిళ్లలో ఉండేవాళ్లు కెమెరా వైపు చూస్తూ ఎలకల గురించి, నల్లుల గురించి, గోడల గురించి చెబుతారు. ఈరోజు ఇది మామూలుగా అనిపిస్తుంది, ప్రతి టీవీ ఛానల్లోనూ చూస్తున్నదే. కానీ అప్పటి దాకా పేదవాళ్ల గురించి పక్కనుంచి ఎవరో దొరబాబు గొంతు చెప్పేది. వాళ్లే చెప్పడం కొత్త. ఆ ఇళ్లలో మనుషులతో మాట్లాడి వాళ్లను సిద్ధం చేసిన రూబీ గ్రియర్సన్, 'కెమెరా మీది, మైకు మీది, ఈ ఇళ్లలో ఉండటం ఎలా ఉంటుందో వాళ్లకు చెప్పండి' అన్న అర్థంలో వాళ్లను ప్రోత్సహించిందని ప్రసిద్ధి. ఎంత గొప్ప మాట! అయినా ఒక విషయం మరిచిపోకూడదు. ఆ చిత్రానికి డబ్బు పెట్టింది గ్యాస్ వ్యాపార సంస్థలు. మురికివాడలు పోయి కొత్త ఫ్లాట్లు వస్తే గ్యాస్ పొయ్యిలు అమ్ముడవుతాయి. స్టెప్నీ వాళ్లు చెప్పింది నిజం. ఆ నిజాన్ని ఏ పనికి వాడాలన్నది మాత్రం వాళ్ల చేతిలో లేదు. కెమెరా మీదే అన్నంత మాత్రాన ఎడిటింగ్ టేబుల్ వాళ్లది కాలేదు.

ఇదే ప్రశ్న భారతదేశంలో తెర మీదే, దర్శకుడి మొహం మీదే వచ్చింది. ఆనంద్ పట్వర్ధన్ 1985లో పూర్తిచేసిన 'హమారా షహర్' బొంబాయి గుడిసెల కూల్చివేతల గురించిన చిత్రం. అందులో ఒక మహిళ కెమెరా వెనక ఉన్నవాళ్ల మీద విరుచుకుపడుతుంది. పేదోళ్ల ఫొటోలు తీసుకుని ఏం చేస్తారు, మీ పేరు కోసం తీసుకుంటున్నారు గానీ మాకేం ఒరుగుతుంది అన్నది ఆమె కోపం. ఇలాంటి ముక్క ఎడిటింగ్‌లో తీసేయడం చాలా సులువు. పట్వర్ధన్ తీయలేదు. ఆ చిత్రానికి జాతీయ అవార్డు వచ్చింది, ఆ మాటలు అందులో అలాగే ఉండిపోయాయి. ఆమె చేసిన పని గమనించాలి. ఆమెను పిలిచింది ఇల్లు పోయిన బాధితురాలిగా. ఆమె వచ్చింది లెక్క అడిగే మనిషిగా. తనుగా కనిపించడం అంటే ఏమిటో మన దేశపు డాక్యుమెంటరీలో ఇంతకంటే బాగా చూపించిన నిమిషాలు చాలా తక్కువ.

1986లో బొంబాయిలో సంజయ్ గాంధీ నగర్ గుడిసెలు కూల్చినప్పుడు నిర్వాసితులతో పాటు పట్వర్ధన్, నటి షబానా ఆజ్మీ నిరాహార దీక్షకు కూర్చున్నారు. సినిమా తీసినవాళ్లు అందరూ దీక్షకు కూర్చోవాలని కాదు. ఆ మహిళ అడిగిన ప్రశ్నకు సమాధానం సినిమా లోపల లేదు, బయట ఉంది. దాన్ని వెతుక్కోవాల్సిందీ బయటే.

మామూలుగా జరిగేది వేరు. కెమెరా వెళ్లేటప్పటికే మనసులో ఒక బొమ్మ ఉంటుంది. ఆ బొమ్మకు సరిపోయే మనిషి కోసం వెతుకుతారు. ఏడుపు దగ్గర క్లోజప్ పడుతుంది. అదే మనిషి పది నిమిషాల తర్వాత నీళ్లు తుడుచుకుని ప్రభుత్వ పథకంలో తప్పెక్కడుందో వరసగా చెబితే, ఆ భాగం పొడుగైందని కోస్తారు. బాధ వాళ్ల దగ్గర తీసుకుంటారు, విశ్లేషణ మాత్రం ప్రొఫెసర్ దగ్గర తీసుకుంటారు. పేరు, హోదా కింద పడేది ప్రొఫెసర్‌కే. బాధ చెప్పిన ఆమె కింద 'బాధితురాలు' అని పడుతుంది, ఒక్కోసారి అదీ పడదు. తెలుగు టీవీ భాషలో దీనికి 'బైట్' అని పేరు. ముక్క కొరికి తీసుకోవడం. ఆ మాటలోనే పద్ధతి అంతా ఉంది.

నల్లగొండ ఫ్లోరైడ్ ప్రాంతం మొహాలు తెలుగువాళ్లకు కొత్త కాదు. మర్రిగూడ మండలంలో వంకర తిరిగిన ఎముకలతో, నేల మీద కూర్చున్న మనుషుల ఫొటోలు, వీడియోలు దశాబ్దాల పాటు వచ్చాయి. ఆ బొమ్మలు లేకపోతే నీళ్ల పోరాటం ఢిల్లీ దాకా వినపడేది కాదు, అది నిజం. శివన్నగూడేనికి చెందిన అంశల స్వామి ఆ పోరాటానికి గుర్తుగా మారాడు, 2023 జనవరిలో చనిపోయాడు. ఒక మనిషి తన శరీరాన్ని సాక్ష్యంగా మళ్లీ మళ్లీ లోకం ముందు పెట్టడం ఎంత పెద్ద పనో ఒక్కసారి ఆలోచించాలి. నీళ్లు వచ్చాయి అని రాసే చరిత్రలో ఇంజనీర్లు ఉంటారు, నాయకులు ఉంటారు. చూపు తిప్పుకునే జనం ముందు కూర్చోవడం కూడా ఆ చరిత్రలో ఒక శ్రమగా నమోదు కావాలి.

తల్లి పాత్ర కూడా ఇలాంటిదే. 2016 జనవరి 17న హైదరాబాద్ కేంద్రీయ విశ్వవిద్యాలయంలో పరిశోధక విద్యార్థి రోహిత్ వేముల మరణించాక గుంటూరు నుంచి వచ్చిన రాధిక వేముల మీద కెమెరాలన్నీ పడ్డాయి. కెమెరాలకు కావలసింది ఏడ్చే తల్లి. ఆమె ఏడ్చింది, ఆ తర్వాత సభల్లో మాట్లాడింది, ఊరూరూ తిరిగింది, కులం గురించి ప్రశ్నించింది. ఆ ఉద్యమం గురించి దీపా ధన్‌రాజ్ తీసిన చిత్రం 2018లో వచ్చింది. దాని పేరుకు అర్థం 'మేము చావడానికి ఇక్కడికి రాలేదు' అని. ఏడుపు దగ్గర ఆగకుండా మాట దాకా వెళ్లాలన్న పట్టుదల ఆ పేరులోనే ఉంది.

మాట్లాడటం వృత్తిగా ఉన్నవాళ్లకు కూడా ఈ ఇబ్బంది తప్పదు. ఉత్తరప్రదేశ్ బుందేల్‌ఖండ్‌లో 2002లో మొదలైన 'ఖబర్ లహరియా' గ్రామీణ మహిళలు, అందులోనూ దళిత మహిళలు ముందుండి నడిపిన వార్తాసంస్థ. వాళ్ల మీద రింటూ థామస్, సుష్మిత్ ఘోష్ తీసిన 'రైటింగ్ విత్ ఫైర్' 2022 ఆస్కార్ నామినేషన్ దాకా వెళ్లింది. సరిగ్గా అవార్డుల ముందు ఆ సంస్థ ఒక ప్రకటన ఇచ్చింది. చిత్రం కదిలించేదే గానీ, తాము ఒకే పార్టీ మీద వార్తలు రాసే సంస్థగా అందులో కనిపిస్తున్నామని, అది తమ పనికి సరైన చిత్రం కాదని చెప్పింది. చాలామంది దీన్ని అవార్డు సమయంలో గొడవగా చూశారు. అలా చూడటం పొరపాటు. వాళ్లు జర్నలిస్టులు. ఎవరి వార్త ఎవరు ఎలా కోస్తారో తెలిసినవాళ్లు. రేపు అదే జిల్లాలో అన్ని పార్టీల వాళ్ల దగ్గరికీ వెళ్లి మైకు పెట్టాల్సినవాళ్లు. చిత్రం తీసినవాళ్లకు ఎడిటింగ్ స్వేచ్ఛ ఉంది, దాన్ని కాదనలేం. కనిపించినవాళ్లకు 'ఇది నేను పూర్తిగా కాదు' అని బహిరంగంగా చెప్పే హక్కు కూడా అంతే ఉంది. వాళ్లకు సొంత పత్రిక ఉంది కాబట్టి చెప్పగలిగారు. ఇది లేని లక్షల మందికి ఆ మాట నోట్లోనే ఉండిపోతుంది.

ఇక డబ్బు సంగతి. డాక్యుమెంటరీ రంగంలో పాత నియమం ఒకటుంది: కనిపించేవాళ్లకు డబ్బివ్వకూడదు, ఇస్తే నిజం చెడిపోతుంది. వినడానికి బాగుంటుంది. అయితే కెమెరామన్‌కు డబ్బిస్తే ఫ్రేము చెడిపోలేదు, ఎడిటర్‌కు ఇస్తే కథ చెడిపోలేదు. షూటింగ్ పేరుతో ఐదు రోజులు కూలికి వెళ్లని మనిషికి ఆ ఐదు రోజుల కూలి ఇస్తే మాత్రం నిజం చెడిపోతుందా? అబద్ధం చెప్పించడానికి డబ్బివ్వడం వేరు, పోయిన పని దినాలకు, ఇచ్చిన సమయానికి ఇవ్వడం వేరు. ఈ రెండూ ఒకటే అనుకోవడం వల్ల లాభపడింది ఎప్పుడూ తీసేవాళ్లే.

అమెరికాలో దీని మీద పెద్ద తగవే నడిచింది. న్యూయార్క్‌లో నల్లజాతి, లాటినో గే, ట్రాన్స్‌జెండర్ మనుషులు వేషాలతో, నడకలతో పోటీపడే 'బాల్' వేడుకల గురించి జెన్నీ లివింగ్‌స్టన్ తీసిన 'ప్యారిస్ ఈజ్ బర్నింగ్' 1990లో వచ్చింది. చిత్రం బాగా ఆడి దాదాపు 40 లక్షల డాలర్లు వసూలు చేసింది. అందులో కనిపించినవాళ్లు మాకేదీ అని అడిగారు, కొందరు లాయర్ల దాకా వెళ్లారు. వాళ్లు అంతకు ముందే రిలీజ్ ఫారాల మీద, అంటే తమను తీసినదాన్ని వాడుకోవచ్చని ఒప్పుకునే కాగితాల మీద సంతకాలు చేసి ఉండటంతో చట్టపరంగా కేసు నిలవలేదు. చివరికి సుమారు 55,000 డాలర్లు 13 మంది మధ్య పంచారు. ఆ చిత్రంలో కనిపించిన వీనస్ ఎక్స్‌ట్రావగాంజా షూటింగ్ పూర్తి కాకముందే 1988లో హత్యకు గురైంది. ఆ మనుషుల నడక, మాట, ఒళ్లు విరుపు ఆ తర్వాత ఫ్యాషన్‌లోకి, పాటల వీడియోల్లోకి, టీవీ షోల్లోకి వెళ్లి ఎంత వ్యాపారం అయ్యాయో లెక్క కట్టడం కష్టం. సంతకం చేసిన రోజున ఆ ఫారం మీద ఇదంతా రాసి ఉండదు. రాయడం సాధ్యం కూడా కాదు. అందుకే ఒక్కసారి చేసిన సంతకాన్ని శాశ్వత ఒప్పుకోలుగా తీసుకోవడం తప్పు.

చికాగోలో ఇద్దరు నల్లజాతి కుర్రాళ్ల బాస్కెట్‌బాల్ కలల గురించి 1994లో వచ్చిన 'హూప్ డ్రీమ్స్' తీసినవాళ్లు వేరే దారి పట్టారు. లాభాల్లో ఆ కుటుంబాలకు వాటా ఇచ్చారు. షూటింగ్ నడుస్తున్నప్పుడే ఒక ఇంట్లో కరెంటు పోతే, కెమెరాతో చీకటిని తీసి ఊరుకోకుండా బిల్లుకు సాయం చేశారు. నిజం ఏమీ చెడిపోలేదు. ఈనాటికీ ఆ చిత్రాన్ని గొప్ప డాక్యుమెంటరీల్లో ఒకటిగానే చెప్పుకుంటున్నారు.

మన పొరుగునే జరిగింది ఇంకొకటి. ముదుమలై దగ్గర తెప్పకాడు ఏనుగుల శిబిరంలో పిల్ల ఏనుగులను సాకిన కాట్టునాయకన్ దంపతులు బొమ్మన్, బెళ్లిల మీద తీసిన 'ది ఎలిఫెంట్ విస్పరర్స్' 2023 మార్చిలో ఆస్కార్ గెలిచింది. ఆ పేర్లు రాత్రికి రాత్రి దేశమంతా తెలిశాయి. అదే ఏడాది ఆగస్టులో, తమకు చెప్పిన సాయం అందలేదని వాళ్లు ఆరోపించారు, లాయర్ నోటీసు కూడా వెళ్లింది. నిర్మాతలు ఆ ఆరోపణలను ఖండించారు. ఎవరిది ఎంత నిజమో తేల్చడం ఈ వ్యాసం పని కాదు. కానీ ఇలాంటి తగవులు ఎక్కడ పుడతాయో అర్థం చేసుకోవచ్చు. కాగితం మీద ఉన్నది ఒకటి, మాటల్లో, చనువులో, కలిసి తాగిన టీల మధ్య ఏర్పడిన నమ్మకం ఇంకొకటి. తీసేవాళ్లకు కాగితం ఒప్పందం. ఏళ్ల తరబడి ఇంట్లోకి రానిచ్చినవాళ్లకు చనువే ఒప్పందం. ఆ రెంటికీ మధ్య ఉన్న దూరాన్ని ముందే కూర్చుని, వాళ్ల భాషలో, వాళ్లు నమ్మే మూడో మనిషి ఎదుట మాట్లాడుకోవాలి.

డబ్బు కంటే పెద్దది ప్రమాదం. కలకత్తాలో సెక్స్ వర్కర్లు ఉండే సోనాగాచి పిల్లలకు కెమెరాలిచ్చి వాళ్ల ఫొటోలతో తీసిన 'బార్న్ ఇంటు బ్రాతల్స్' 2005లో ఆస్కార్ గెలిచింది. పిల్లల, వాళ్ల తల్లుల గుర్తింపు బయటపడకూడదని ఆ చిత్రాన్ని భారతదేశంలో చూపించబోమని తీసినవాళ్లు చెప్పారు. ఆ తల్లులు తమ పిల్లల కోసం చేసిన ప్రయత్నాలు తెర మీద కనపడలేదని అక్కడి సెక్స్ వర్కర్ల సంఘం దర్బార్ విమర్శించింది. ఒక దేశంలో చూపించకపోతే చాలు అన్న మాట 2005లో కొంతవరకైనా నడిచింది. ఇవాళ అది అర్థం లేని హామీ. ఎక్కడో ఫెస్టివల్‌లో వేసిన చిత్రం నుంచి ముప్పై సెకన్ల ముక్క సాయంత్రానికి ఊళ్లో వాట్సాప్ గ్రూపులో ఉంటుంది. ముందూ వెనకా ఉన్నదంతా పోయి, మొహం ఒక్కటే మిగులుతుంది. తెలుగు యూట్యూబ్‌లో అడుక్కునేవాళ్ల, ట్రాన్స్‌జెండర్ల, హెచ్‌ఐవీ ఉన్నవాళ్ల ఇంటర్వ్యూల థంబ్‌నెయిళ్లు చూస్తే ఈ సంగతి తెలుస్తుంది. ఏడుస్తున్న మొహం, దాని చుట్టూ ఎర్ర గీత, పైన పెద్ద అక్షరాలు. ఆ మొహం ఉన్న మనిషి మర్నాడు ఇల్లు అద్దెకు అడగడానికి వెళ్లాలి.

చట్టం కొన్నిచోట్ల గట్టిగా ఉంది. లైంగిక హింసకు గురైనవాళ్ల గుర్తింపు బయటపెట్టడం నేరం. పాత శిక్షాస్మృతిలో 228ఏ, 2024 జులై నుంచి భారతీయ న్యాయ సంహితలో 72వ సెక్షన్. పెద్దవాళ్లయితే తామే రాతపూర్వకంగా ఒప్పుకోవచ్చు. పిల్లల విషయంలో పోక్సో చట్టం 23వ సెక్షన్ మరింత కఠినం. కానీ పిల్లగా ఉన్నప్పుడు చిత్రీకరించిన మనిషి పెద్దయ్యాక 'నా మొహం చూపించండి, సిగ్గుపడాల్సింది నేను కాదు' అంటే ఏం చేయాలి? జార్ఖండ్‌లో ఒక బాలిక మీద జరిగిన అత్యాచారం కేసు మీద వచ్చిన 'టు కిల్ ఎ టైగర్' విషయంలో ఈ ప్రశ్నే ఢిల్లీ హైకోర్టు దాకా వెళ్లింది. మొహం దాచడం రక్షణ అని అనుకుంటాం. అలా దాచడమే తనకు రెండో శిక్ష అని భావించే మనిషి కూడా ఉంటుంది. ఇక్కడ అందరికీ ఒకే నియమం పెట్టడం కుదరదు. ఆమెకు వద్దంటే ఆగే హక్కు, కావాలంటే కనపడే హక్కు, రెండూ ఆమె చేతిలో ఉండేలా చూడటం ఒక్కటే మార్గం. చిత్రం విడుదలైన తర్వాత కూడా.

కనపడటం తప్పనిసరి అయిన సందర్భాలూ ఉన్నాయి. మనుషుల చేత మలం ఎత్తించే పని మా రాష్ట్రంలో లేదని ప్రభుత్వాలు కాగితాల మీద రాసిచ్చేవి. సఫాయి కర్మచారీ ఆందోళన్ 2003లో సుప్రీంకోర్టుకు వెళ్లినప్పుడు ఆ కాగితాలకు జవాబుగా పెట్టింది ఫొటోలు, వివరాలు. కోలార్ గోల్డ్ ఫీల్డ్స్ తెలుగు కుటుంబంలో పుట్టిన బెజవాడ విల్సన్ నడిపిన ఉద్యమం అది. ఆంధ్రప్రదేశ్‌లో ఐఏఎస్ అధికారిగా పనిచేసిన ఎస్.ఆర్. శంకరన్ అండతో బలపడింది. 2014 మార్చి 27న తీర్పు వచ్చింది. ఆ ఫొటోల్లో ఉన్న ఆడవాళ్లు సాక్షులు, వాళ్ల బొమ్మే సాక్ష్యం. అయినా ఆ బొమ్మ కోసం గంపతో నిలబడటం అంటే, దాచుకున్న పనిని కొత్త వియ్యాలవారికి, ఇంటి ఓనరుకు, పిల్లల బళ్లో టీచరుకు చూపించడం. ఆ ధైర్యాన్ని సంఘం ఇచ్చింది. ఒంటరిగా ఉన్న మనిషి దగ్గరికి కెమెరా వెళ్లడం వేరు, పక్కన పది మంది తనవాళ్లు ఉన్న మనిషి కెమెరా ముందుకు రావడం వేరు. తమిళనాడులో ఇదే పని మీద దివ్యభారతి 2017లో తీసిన 'కక్కూస్' చిత్రానికి ప్రదర్శనలు ఆపారు, ఆమె మీద కేసులు పెట్టారు. (ఆ మాట మనకూ తెలిసిందే, కోస్తాలో పాతవాళ్లు కక్కసుదొడ్డి అనేవారు.) తీసినవాళ్ల మీద కేసులు పడే చోట, కనిపించినవాళ్ల మీద ఎలాంటి ఒత్తిడి వచ్చి ఉంటుందో ఊహించుకోవచ్చు.

ఇంతవరకు చెప్పిన వాటన్నిటిలోనూ కెమెరా ఒక చేతిలో, బతుకు ఇంకో చేతిలో ఉన్నాయి. జహీరాబాద్ దగ్గర పస్తాపూర్‌లో ఈ రెండు చేతులూ ఒక్కటయ్యాయి. డెక్కన్ డెవలప్‌మెంట్ సొసైటీ సంఘాల్లోని దళిత మహిళలు, ఎక్కువమంది చదువు రానివాళ్లు, 1990ల చివర్లో వీడియో కెమెరా నేర్చుకున్నారు. సొసైటీ వ్యవస్థాపకుల్లో ఒకరైన పి.వి. సతీష్ అంతకుముందు దూరదర్శన్‌లో పనిచేసిన మనిషి. తర్వాత వాళ్ల కమ్యూనిటీ మీడియా ట్రస్టు ఏర్పడింది, 2008లో మాచునూరులో సంఘం రేడియో మొదలైంది. వీళ్లు చిరుధాన్యాల మీద, విత్తనాల మీద తీశారు. వరంగల్ వెళ్లి బీటీ పత్తి రైతుల పొలాలను సీజను పొడుగునా తీశారు. విదేశాలకూ కెమెరా పట్టుకుని వెళ్లారు.

వీళ్లు షాట్లకు పెట్టుకున్న పేర్లు ప్రపంచంలో ఏ సినిమా పాఠశాలలోనూ దొరకవు. పైనుంచి కిందికి చూసే షాటు పటేల్ షాటు. ఊళ్లో పటేలు అరుగు మీద కూర్చుని కింద నిలబడ్డవాళ్లను చూసే చూపు అది. కిందనుంచి పైకి చూసేది బానిస షాటు. దొర ముందు తలెత్తి చూసేవాడికి దొర కనిపించే తీరు. కళ్లకు కళ్లు సమానంగా ఉండేది సంఘం షాటు. సంఘంలో అందరూ ఒకే ఎత్తులో, నేల మీద కూర్చుంటారు కాబట్టి. సినిమా పుస్తకాలు హై యాంగిల్, లో యాంగిల్, ఐ లెవెల్ అని కొలతలుగా చెప్పే చోట, ఈ ఆడవాళ్లు ఎవరు ఎవర్ని చూస్తున్నారని అడిగారు. తరతరాలుగా పై చూపు కింద నిలబడిన మనిషికి మాత్రమే తట్టే పేర్లు ఇవి. నేల మీద కూర్చున్న ఆమెను నిలబడి తీస్తే బొమ్మ పటేలుదైపోతుంది, తీసింది దళిత మహిళ అయినా సరే. ఆ సంగతి వాళ్లకు తెలుసు, అందుకే కెమెరాతో పాటు తామూ కూర్చుంటారు.

అయితే కెమెరా చేతికిస్తే అన్నీ సరిపోతాయని కాదు. అందరూ కెమెరా పట్టుకోవాలని లేదు. బయటివాళ్లు తీసే మంచి చిత్రాలు అవసరం కూడా. చూడాల్సింది, సంఘం షాటు ఎడిటింగ్‌లో, ప్రదర్శనలో, తర్వాతి ఏళ్లలో కూడా ఉందా లేదా అని. దీనికి పాత నమూనాలు ఉన్నాయి. ఫ్రాన్స్‌లో జాన్ రూష్, ఎడ్గార్ మోరాన్ 1961లో విడుదల చేసిన చిత్రంలో, కనిపించినవాళ్లకు ముందుగా చూపించి వాళ్లు పోట్లాడుకున్నదాన్ని కూడా చిత్రంలో పెట్టారు. కొందరు అందులో సిగ్గు లేదన్నారు, కొందరు అది నటన అన్నారు. కెనడాలో 1967లో కోలిన్ లో బృందం ఫోగో దీవిలో జాలరుల మీద చిన్న చిత్రాలు తీసింది. దీవి ఖాళీ చేయించాలని ప్రభుత్వం ఆలోచిస్తున్న రోజులవి. తీసినవి ముందుగా వాళ్లకే చూపించారు, వద్దన్న భాగాలు తీసేసే వీలిచ్చారు, ఆ తర్వాతే మంత్రుల దగ్గరికి తీసుకెళ్లారు. మంత్రి చెప్పిన జవాబును కూడా తీసి తిరిగి దీవికి తెచ్చి చూపించారు. దీవిలో చెదిరి ఉన్నవాళ్లు తెర మీద ఒకరి మాట ఒకరు విన్నారు. తర్వాత సహకార సంఘం పెట్టుకున్నారు, దీవి ఖాళీ కాలేదు. ఫోన్లో వీడియో చూసుకోగలిగే ఈ రోజుల్లో, ఎడిట్ అయిన చిత్రాన్ని అందులో ఉన్నవాళ్లకు ముందుగా చూపించడం కష్టం అని ఎవరైనా అంటే నమ్మడం కష్టం.

'హమారా షహర్'లో ఒక గాయకుడు కనిపిస్తాడు. విలాస్ ఘోగ్రే. బొంబాయి గుడిసెల్లో బతికిన దళిత కవి, ఆ నగరం కథ పాడిన గొంతు. 1997 జులై 11న ఘాట్కోపర్ రమాబాయి నగర్‌లో అంబేడ్కర్ విగ్రహానికి చెప్పుల దండ వేశారని జనం రోడ్డెక్కితే పోలీసులు కాల్పులు జరిపారు. 10 మంది చనిపోయారు. నాలుగు రోజులకు ఆ బాధ తట్టుకోలేక ఘోగ్రే ప్రాణం తీసుకున్నాడు. పట్వర్ధన్ మళ్లీ కెమెరా పట్టుకుని ఆ బస్తీలకు వెళ్లాడు. తన చిత్రంలో పాడిన మనిషి ఎందుకు పోయాడో వెతుకుతూ 14 ఏళ్లు తీశాడు. పాటలు, కవులు, కోర్టులు, కొడుకులను పోగొట్టుకున్న ఇళ్లు, అన్నీ కలిపి మూడు గంటలకు పైగా నడిచే 'జై భీమ్ కామ్రేడ్' 2011లో పూర్తయింది. దేశంలో దాన్ని మొదట చూపించిన చోట్లలో ముంబై బైకుల్లాలోని బి.ఐ.టి. చాళ్లు, అంటే వరస గదుల పాత ఇళ్ల సముదాయాలు ఉన్నాయి. కుర్చీలు వేసి, తెర కట్టి, ఆ పాటలు ఎవరివో వాళ్ల మధ్యే వేశారు.